బొమ్మ కదిలింది సరే, కొండ నిలిచిందా?

కార్టూన్ సినిమా పుట్టుక గురించి చెప్పేవాళ్లు చాలామంది కంటి దగ్గర మొదలుపెడతారు. ఏదైనా బొమ్మ చూశాక దాని ముద్ర కంటిలో లిప్తపాటు నిలిచి ఉంటుందనీ, అది చెరిగిపోయేలోగా రెండో బొమ్మ వచ్చి పడితే రెండూ కలిసిపోయి కదలికలా కనిపిస్తాయనీ, ఈ రహస్యం తెలియగానే కార్టూన్‌కు దారి తెరుచుకుందనీ ఆ కథ. పాఠ్యపుస్తకాల్లోనూ క్విజ్ పోటీల్లోనూ ఇదే వినిపిస్తుంది. తేదీలను పక్కపక్కన పెట్టి చూస్తే మాత్రం ఈ కథ నిలవదు. గీసిన బొమ్మలను కదిలించడం 1832 నాటికే మనుషుల చేతికి వచ్చేసింది. తొలి పూర్తి కార్టూన్ చిత్రం అని ఎక్కువమంది ఒప్పుకునేది 1908లో వచ్చింది. మధ్యలో 76 ఏళ్లు. ఫిల్మూ కెమెరా రావాలి కదా, అందుకే ఆలస్యం అనుకుందామంటే, లూమియేర్ సోదరులు పారిస్‌లో డబ్బు తీసుకుని సినిమా చూపించింది 1895 డిసెంబర్ 28న. ఆ తర్వాత కూడా కార్టూన్ ఒక పరిశ్రమగా నిలదొక్కుకోవడానికి మరో ఇరవై ఏళ్లు పట్టింది. మామూలు సినిమా ఆ ఇరవై ఏళ్లలో ఊరూరికీ పాకిపోతే, గీసిన సినిమా ఎందుకు వెనకబడింది? ఆ వ్యవధిలో తయారైన చిత్రాలను, వాటి కోసం పుట్టిన పనిముట్లను వరసగా చూస్తే ఒకే జవాబు కనిపిస్తుంది. బొమ్మను కదిలించడం వాళ్లకు పెద్ద కష్టం కాలేదు. కదలకూడనిదాన్ని కదలకుండా ఉంచడమే కష్టమైంది. పాత్ర చెయ్యి ఊపుతుంటే దాని వెనకున్న కొండ, చెట్టు, గోడ వేల బొమ్మల పొడుగునా అంగుళం కూడా జరగకుండా నిలబడాలి. ఈ నిలకడ దొరికిన రోజే కార్టూన్ సినిమాకు అసలు పుట్టినరోజు.

ముందు కంటి సంగతి తేల్చుకోవాలి, ఎందుకంటే అభ్యంతరం అక్కడి నుంచే వస్తుంది. ముద్ర నిలిచిపోవడమే కదలికకు కారణమైతే, ఒక బొమ్మ మీద ఇంకో బొమ్మ పడి అలికినట్టు కనిపించాలి గానీ చెయ్యి లేచినట్టు ఎందుకు కనిపిస్తుంది? 1912లో జర్మన్ మనస్తత్వ శాస్త్రవేత్త మాక్స్ వెర్ట్‌హైమర్ ప్రచురించిన ప్రయోగాలు ఈ ప్రశ్నకు సూటిగా సమాధానం ఇచ్చాయి. వేరువేరు చోట్ల ఉన్న రెండు గీతలను ఒకదాని తర్వాత ఒకటి వెలిగించి చూపించాడు. మధ్య వ్యవధి సెకనులో వెయ్యో వంతుల లెక్కన 30 దగ్గర ఉంటే రెండూ ఒకేసారి వెలిగినట్టు అనిపించాయి. 200 దగ్గర ఉంటే ఒకటి పోయి మరొకటి వచ్చినట్టు కనిపించాయి. 60 దగ్గర మాత్రం ఒకే గీత ఇక్కడి నుంచి అక్కడికి జరిగినట్టు చూసినవాళ్లకు తోచింది. అక్కడ కదిలింది ఏమీ లేదు. కదలికను కల్పించింది మెదడు. ఒక ఫ్రేములో ఉన్న ఆకారాన్ని తర్వాతి ఫ్రేములో ఉన్న ఆకారంతో జతచేసి, ఇది అదే, కాస్త జరిగింది అని తీర్మానించుకోవడం దాని పద్ధతి. తెర మినుకుమినుకుమనకుండా చేసేది ఇంకో ఏర్పాటు. మూకీ చిత్రాల రోజుల్లో సెకనుకు సుమారు 16 ఫ్రేములు నడుస్తున్నా, ప్రొజెక్టర్‌లోని మూడు రెక్కల షట్టర్ ఒక్కో ఫ్రేమును మూడుసార్లు వెలిగించేది. అలా సెకనుకు 48 వెలుగులు పడితే వెలుతురు తెగకుండా కనిపిస్తుంది. కదలిక, వెలుతురు నిలకడ అనే ఈ రెండు వేరువేరు విషయాలను ఒకే ముద్ర కథలో కలిపేయడం వల్లనే పాత వివరణ ఇన్నాళ్లు బతికింది.

జతచేసుకోవడం అనే ఈ పద్ధతిలోనే కార్టూన్ చిత్రకారుడి కష్టమంతా ఉంది. చెయ్యి లేచిందని గుర్తించే మెదడే, కొండ గీత వెంట్రుకవాసి జరిగినా కొండ కదిలిందని గుర్తిస్తుంది. చిత్రకారుడు ఏది కదపాలనుకున్నాడో, ఏది పొరపాటున కదిలిందో దానికి తెలియదు. లెక్క వేస్తే ఈ కష్టం ఎంతటిదో తెలుస్తుంది. 20 సెంటీమీటర్ల వెడల్పు కాగితం మీద గీసిన బొమ్మను 6 మీటర్ల తెర మీద చూపిస్తే 30 రెట్లు పెరుగుతుంది. కాగితం మీద ఒక మిల్లీమీటరు తేడా తెర మీద మూడు సెంటీమీటర్ల ఎగురు అవుతుంది. అదీ సెకనుకు 16 సార్లు, ప్రతిసారీ వేరే దిక్కుకు. పైగా మెదడు చుట్టూ ఉన్న పెద్ద ఆవరణను స్థిరంగా ఉన్నట్టు లెక్కగట్టి, దానితో పోల్చి చిన్న వస్తువుల కదలికను కొలుస్తుంది. మబ్బులు పరుగెడుతుంటే చంద్రుడే పరుగెడుతున్నట్టు కనిపించడం అందుకే. కార్ల్ డుంకర్ 1929లో దీన్ని ప్రయోగశాలలో చూపించాడు: కదలని చుక్క చుట్టూ ఉన్న చట్రాన్ని జరిపితే, జరిగింది చుక్కే అని మనకు అనిపిస్తుంది. అంటే నేపథ్యం వణికితే అది నేపథ్యంతో పోదు. పాత్ర నడక, పాత్ర నిలకడ, పాత్ర బరువు అన్నీ కొలబద్ద లేని కొలతలైపోతాయి.

ఈ దృష్టితో మొదటి నుంచి చూద్దాం. 1832లో బెల్జియం భౌతిక శాస్త్రవేత్త జోసెఫ్ ప్లాటో, దాదాపు అదే సమయంలో వియన్నాలో సైమన్ స్టాంఫర్, ఒకరికొకరు తెలియకుండా ఒకే వస్తువు తయారుచేశారు. గుండ్రటి అట్ట, అంచు పొడుగునా సన్నని చీలికలు, వాటి మధ్య కొద్దికొద్దిగా తేడాతో గీసిన బొమ్మలు. అద్దం ముందు నిలబడి అట్టను తిప్పుతూ చీలికల్లోంచి చూస్తే అద్దంలో బొమ్మ గంతులు వేస్తుంది. ఈ అట్టల మీద కనిపించేవి నాట్యగత్తెలు, గుర్రాలు, చక్రాలు, ఆవులించే నోళ్లు. ఇల్లూ వాకిలీ, చెట్టూ చేమా దాదాపు ఉండవు. చుట్టూ ఖాళీ ఉంటే ఏదీ వణకదు. ఒకే చుట్టు మళ్లీ మళ్లీ తిరుగుతుంది కాబట్టి పది పన్నెండు బొమ్మలు చాలు, వాటిని పొందికగా గీయడం ఓపికున్న చేతికి సాధ్యమే. 1860ల్లో ఇంటింటి బొమ్మగా మారిన జోట్రోప్ డబ్బాలోనూ ఇదే వరస. కదలిక సమస్య పరిష్కారమైపోయింది, నిలకడ సమస్య ఇంకా ఎదురుపడనే లేదు.

ఎదురుపడిన మొదటివాడు ఎమిల్ రేనో. ఈ ఫ్రెంచి ఉపాధ్యాయుడికి రావాల్సినంత పేరు రాలేదన్నది నా గట్టి అభిప్రాయం. 1877లో చీలికల బదులు అద్దాలు వాడి ప్రాక్సినోస్కోప్ తయారుచేశాడు. 1888లో దాన్నే పెద్దది చేసి ఆప్టికల్ థియేటర్‌కు పేటెంటు తీసుకున్నాడు. 1892 అక్టోబర్ 28 నుంచి పారిస్‌లోని గ్రెవిన్ మైనపు బొమ్మల మ్యూజియంలో రోజూ ప్రదర్శనలు ఇచ్చాడు. లూమియేర్ సోదరుల కన్నా ఇది మూడేళ్లు ముందు. ఆయన చూపించిన ‘పువర్ పియరో’ పట్టీలో బొమ్మలు 500 మాత్రమే. ఆ 500 బొమ్మలతో పావుగంట నాటకం నడిపాడు. చేతులతో రెండు చక్రాలను తిప్పుతూ, పట్టీని ముందుకూ వెనక్కూ నడుపుతూ, కావాల్సిన చోట ఆపుతూ ఆడించేవాడు. మన చర్చకు ముఖ్యమైనది ఆయన నేపథ్యాన్ని చూపిన తీరు. జిలాటిన్ పలకల మీద పాత్రలను మాత్రమే రంగుల్లో వేసి, చుట్టూ నల్లరంగు పూసేవాడు. నలుపులోంచి వెలుతురు రాదు కాబట్టి తెర మీద పాత్ర ఒక్కటే పడుతుంది. తోట, గోడ, చంద్రుడున్న దృశ్యాన్ని వేరే లాంతరులో పెట్టి అదే తెర మీదికి స్థిరంగా వేసేవాడు. కదిలేది ఒక దీపం నుంచి, కదలనిది మరో దీపం నుంచి. సమస్యను గుర్తించడమే కాదు, 23 ఏళ్ల తర్వాత అమెరికాలో పేటెంటు పొందిన పరిష్కారం వెనకున్న ఆలోచన మొత్తం అప్పటికే ఆయన యంత్రంలో ఉంది.

మరి అదే నిజమైతే రేనోతోనే కార్టూన్ పరిశ్రమ మొదలవ్వాలి కదా అని అడగవచ్చు. అడగాల్సిన ప్రశ్నే. ఆయన పట్టీలు ఫొటోలు కావు, చేత్తో రంగులు వేసినవి. నకలు తీయడం కుదరదు. ఒక్క పట్టీ, ఒక్క యంత్రం, దాన్ని నడపగల ఒక్క మనిషి. 1900 దాకా దాదాపు అయిదు లక్షలమంది చూశారు, ఆ వాడకానికి పట్టీలు అరిగిపోయాయి. నకళ్లు తీసి ఊరూరికీ పంపే సినిమాతో పోటీపడలేక, చివరి రోజుల్లో నిరాశతో వాటిలో ఎక్కువ భాగాన్ని సెన్ నదిలో పారేశాడు. కెమెరా అవసరమే, దాన్ని కాదనడం లేదు. కెమెరా వచ్చాక మాత్రం ఒక కొత్త ఇబ్బంది వచ్చిపడింది. పాత్రా నేపథ్యమూ ఇప్పుడు ఒకే కాగితం మీద, ఒకే కటకం ముందు ఉండాలి. రేనో రెండు దీపాలతో విడదీసినవి ఫిల్ము మీద మళ్లీ కలిసిపోయాయి.

అందుకే తొలి కెమెరా కార్టూన్‌లను గమనిస్తే, వాటి కల్పనల్లో సగం ఈ ఇబ్బందిని తప్పించుకునే ఉపాయాలుగా కనిపిస్తాయి. 1906లో అమెరికాలో స్టూవర్ట్ బ్లాక్టన్ తీసిన ‘హ్యూమరస్ ఫేజెస్ ఆఫ్ ఫన్నీ ఫేసెస్’లో బొమ్మలన్నీ నల్లబల్ల మీద సుద్దముక్క గీతలు. ఒక కన్ను చెరిపి కొత్తగా గీస్తే మిగతా ముఖం పాతదే, అసలు ముట్టుకోనిదే. ముట్టుకోని గీత వణకదు. కొన్ని చోట్ల కాగితపు ముక్కలు కత్తిరించి బల్ల మీద జరిపాడు, అక్కడా అదే లాభం. 1908 ఆగస్టు 17న పారిస్‌లో విడుదలైన ఎమిల్ కోల్ ‘ఫాంటస్మగోరి’ది ఇంకో దారి. కింది నుంచి వెలుగు పడే గాజుపలక మీద ఒక కాగితంపై మరో కాగితం పెట్టి సుమారు 700 బొమ్మలు గీశాడు, ఒక్కోదాన్ని రెండు ఫ్రేములు తీశాడు. తెల్ల కాగితం మీద నల్లగీతతో వేసినదాన్ని నెగెటివుగా ముద్రించడంతో నల్లబల్ల మీద సుద్దగీతలా కనిపిస్తుంది. రెండు నిమిషాలు కూడా లేని ఈ చిత్రంలో నేపథ్యం అన్నదే లేదు. పైగా ఏ వస్తువూ ఒక చోట ఒక రూపంలో ఉండదు. ఒకటి మరొకటిగా కరిగిపోతూ, సాగుతూ, విరిగి మళ్లీ అతుక్కుంటూ ఉంటుంది. ఈ రూపాంతరాలను కోల్ కవితాత్మక కల్పనగా మెచ్చుకుంటారు, మెచ్చుకోదగినవే. కానీ అన్నీ నిరంతరం మారిపోయే లోకంలో ఏదీ నిలబడాల్సిన పని లేదు, గీత వణికినా అది మార్పులో భాగమైపోతుంది. ఒక పరిమితిని అంత అందంగా వాడుకోవడం కోల్ ప్రతిభ. పరిమితి ఉన్నదన్నది కూడా అంతే నిజం.

పరిమితిని తప్పించుకోకుండా దాన్ని నేరుగా ఢీకొన్నవాడు విన్సర్ మెకే. పత్రికల్లో కామిక్స్ గీసి అప్పటికే పేరుపొందిన ఈ అమెరికన్, 1911లో ‘లిటిల్ నీమో’ కోసం 4,000 బొమ్మలు వేశాడు. అందులో కూడా నేపథ్యం లేదు. 1914లో వచ్చిన ‘గెర్టీ ది డైనోసార్’లో మాత్రం రాళ్లు, సరస్సు, చెట్టు ఉన్నాయి. మెకే వేదిక మీద కొరడా పట్టుకుని నిలబడి ఆజ్ఞలిస్తుంటే తెర మీది గెర్టీ గుహలోంచి బయటికి వస్తుంది, చెట్టును నమిలేస్తుంది, సరస్సు నీళ్లు మొత్తం తాగేస్తుంది, తిడితే ఏడుస్తుంది. ఆమెకు బరువుంది, మొండితనం ఉంది. ఆ బరువు ఎక్కడి నుంచి వచ్చిందంటే, ఆమె పాదం కింద నేల ఉంది కాబట్టి. తాగాక ఖాళీ అయిన సరస్సు కనిపిస్తుంది కాబట్టే ఎంత తాగిందో తెలుస్తుంది. ఈ నేల కోసం చెల్లించిన మూల్యం మాత్రం భరించరానిది. గెర్టీని మెకే గీస్తే, ఆ రాళ్లనూ సరస్సు గట్టునూ ప్రతి కాగితం మీదా మళ్లీ మళ్లీ ట్రేస్ చేసినవాడు జాన్ ఫిట్జ్‌సిమన్స్ అనే యువ సహాయకుడు. మొత్తం బొమ్మలు 10,000 వరకు ఉంటాయని లెక్క. కాగితాల మూలల్లో గుర్తులు పెట్టి, ఒకదాని మీద ఒకటి సరిచూసుకుంటూ, కదలని రాయిని వేలసార్లు గీశాడు ఆ కుర్రవాడు. ఈ రోజు ఆ చిత్రం చూస్తే రాళ్ల అంచులు చిన్నగా వణుకుతూనే ఉంటాయి. మనుషుల చేతులు అంతకన్నా కచ్చితంగా పనిచేయలేవు. కదలికలో మెకేను మించడానికి తర్వాతి తరానికి ఇరవై ఏళ్లు పట్టింది. నిలకడలో మాత్రం ఏడాది తిరక్కుండానే ఆయన పద్ధతి పాతబడింది.

ఆ ఏడాదిలో జరిగినవి మూడు, మూడింటి గురీ ఒకటే. న్యూయార్క్‌లో స్టూడియో పెట్టిన కెనడా చిత్రకారుడు రౌల్ బారే కాగితాలకు రంధ్రాలు వేసి, బల్లకు బిగించిన మేకులకు తగిలించే పద్ధతి తెచ్చాడు. ఏ కాగితమైనా గీసేటప్పుడు ఎక్కడ కూర్చుందో కెమెరా కింద కూడా సరిగ్గా అక్కడే కూర్చుంటుంది. నేపథ్యాన్ని ఒక్కసారే గీసి, పాత్ర ఉన్న కాగితాన్ని కత్తిరించి దాని మీద పేర్చే ఉపాయం కూడా ఆయనదే. జాన్ రాండాల్ఫ్ బ్రే నేపథ్యాన్ని అచ్చువేయించాడు. ఒకే అచ్చు నుంచి వచ్చిన పల్చటి కాగితాల మీద రాయి ఎప్పుడూ ఒకే రాయి. 1914లో దానికి పేటెంటు పొందాడు. ఆ డిసెంబర్‌లోనే ఎర్ల్ హర్డ్ అసలైన పరిష్కారానికి దరఖాస్తు చేశాడు, 1915లో పేటెంటు వచ్చింది: పాత్రను పారదర్శకమైన సెల్యులాయిడ్ రేకు మీద గీసి, ఒకసారి వేసిన నేపథ్యం మీద పెట్టి ఫొటో తీయడం. కార్టూన్‌వాళ్ల నోట అది సెల్ అయింది. నిమిషానికి 960 ఫ్రేములు. ఒక్కో బొమ్మను రెండు ఫ్రేములు తీసినా 480 బొమ్మలు. పాత్ర పెదవి మాత్రమే కదులుతుంటే మెకే పద్ధతిలో కొండా చెట్టూ ఒళ్లూ కలిపి 480 సార్లు గీయాలి. హర్డ్ పద్ధతిలో కొండ ఒకసారి, ఒళ్లు ఒక సెల్ మీద ఒకసారి, పెదవి ఒక్కటే 480 సార్లు. శ్రమ తగ్గడం ఒక లాభం. అంతకన్నా పెద్ద లాభం, కొండ నిజంగా కదలకపోవడం. అది వేరే వేరే కొండలు ఒకేలా కనిపించడం కాదు, ఒకే కొండ నిలిచి ఉండడం. బ్రే, హర్డ్ కలిసి తమ పేటెంట్లను ఒక కంపెనీ కింద పెట్టి 1932లో గడువు తీరేదాకా ఇతర స్టూడియోల నుంచి రుసుము వసూలు చేశారు. ఆ రుసుము తప్పించుకోవడానికి కొన్ని స్టూడియోలు బారే కత్తిరింపులతోనే కాలక్షేపం చేశాయి. కదలని నేపథ్యానికి బజారులో ధర పలికింది. ఒక ఆవిష్కరణ ఎంత కీలకమో చెప్పడానికి ఇంతకన్నా సాక్ష్యం అక్కర్లేదు.

ఇక్కడ గట్టి అభ్యంతరం ఒకటుంది. ఇదంతా డబ్బు, శ్రమ లెక్కే కదా, చౌకగా తీయగలిగారు కాబట్టి పరిశ్రమ పెరిగింది, నిలకడ అన్నది దాని పక్కన రాలిన లాభం మాత్రమే అనవచ్చు. డబ్బు ఒక్కటే కారణమైతే కార్టూన్ పద్ధతులన్నీ ఒకే సమయంలో ఒకేలా ఎదగాలి. అలా జరగలేదు. బొమ్మలను మళ్లీ గీయాల్సిన అవసరమే లేని పద్ధతులు, అంటే కీళ్లున్న కాగితపు బొమ్మలనో వస్తువులనో బల్ల మీద పెట్టి కొంచెం కొంచెం జరుపుతూ ఫొటో తీసేవి, గీసే కార్టూన్ కన్నా చాలా ముందే పెద్ద పనులకు సిద్ధమయ్యాయి. బల్ల మీద కదపని వస్తువు దానంతట అది కదలదు. నిలకడ అక్కడ ఉచితం. రష్యన్ సామ్రాజ్యంలో లాడిస్లాస్ స్టారెవిచ్ 1912 నాటికే ఎండబెట్టిన పురుగుల దేహాలతో గదులు, కుర్చీలు, హోటలు ఉన్న పూర్తి కథ నడిపాడు. అర్జెంటీనాలో క్విరినో క్రిస్టియానీ 1917లో అట్టముక్కల బొమ్మలతో ‘ఎల్ అపోస్తొల్’ తీశాడు. ప్రపంచంలో తొలి పూర్తినిడివి యానిమేషన్ చిత్రంగా దాన్నే లెక్కిస్తారు. ప్రింట్లు అగ్నిప్రమాదంలో కాలిపోయి ఇప్పుడు దొరకదు. బెర్లిన్ పక్కన పోట్స్‌డామ్‌లో లోట్టె రైనిగర్ 1923 నుంచి మూడేళ్లు కష్టపడి 1926లో ‘ప్రిన్స్ అహ్మద్’ పూర్తిచేసింది. నల్ల అట్టా సీసపు రేకూ కత్తిరించి కీళ్లకు తీగ బిగించిన బొమ్మలు, కింది నుంచి దీపం, పై నుంచి కెమెరా. మన తోలుబొమ్మను నిలువు తెర మీంచి తీసి గాజుబల్ల మీద పడుకోబెట్టినట్టు ఉంటుంది ఆ ఏర్పాటు. గీసే కార్టూన్‌లో హాలీవుడ్ తన తొలి పూర్తినిడివి చిత్రం ‘స్నో వైట్’ను 1937 డిసెంబర్ 21న ప్రదర్శించింది. క్రిస్టియానీకి 20 ఏళ్లు, రైనిగర్‌కు 11 ఏళ్లు వెనక. వాళ్లిద్దరిదీ చిన్న బృందం, చిన్న పెట్టుబడి. డిస్నీ ఖర్చుపెట్టింది సుమారు 15 లక్షల డాలర్లు. డబ్బే నిర్ణయిస్తే ఈ వరస తలకిందులు కావాల్సింది.

మన దేశంలో జరిగింది కూడా ఈ వాదనకే దగ్గరగా ఉంది. దాదాసాహెబ్ ఫాల్కే సినిమా తీయగలనని పెట్టుబడిదారులను నమ్మించడానికి మొదట తీసింది కుండీలో బఠాణీ మొక్క ఎదుగుదల. కెమెరాను ఒకే చోట బిగించి, మొక్కను రోజూ ఫ్రేముఫ్రేముగా తీశాడు. 1915లో యుద్ధం వల్ల ముడి ఫిల్ము కొరతగా ఉన్న రోజుల్లో అగ్గిపుల్లలను జరుపుతూ ‘ఆగ్‌కాడ్యాంచీ మౌజ్’ అనే చిన్న చిత్రం చేశాడు. ఒక్క మనిషి, ఒక బల్ల, ఒక కెమెరా. గీసిన బొమ్మల వైపు వెళ్లి ఉంటే ఫాల్కేకు పదిమంది ఫిట్జ్‌సిమన్స్‌లు కావాల్సి వచ్చేది.

రెండో అభ్యంతరం కళాభిమానుల నుంచి వస్తుంది. కార్టూన్‌ను కార్టూన్‌గా చేసింది పాత్ర, హాస్యం, శబ్దం. 1919లో మొదలైన ఫెలిక్స్ పిల్లి, 1928 నవంబర్ 18న న్యూయార్క్ కాలనీ థియేటర్లో పాటకు తగ్గట్టు ఆడిన మిక్కీ ఎలుక. సెల్ గురించి ప్రేక్షకుడికి ఏం పట్టింది? పట్టకూడదు కూడా, నేపథ్యం మీద కన్ను పడకపోవడమే దాని విజయం. కానీ పాత్ర గుణం ఎక్కడ కనిపిస్తుందో ఆలోచించాలి. కనుబొమ్మ ఎగరేయడం, ఆగి ఆలోచించడం, తల కొద్దిగా వాల్చడం. ఇవన్నీ చిన్న కదలికలు. చుట్టూ ఉన్నదంతా వణుకుతుంటే కనుబొమ్మ ఎగరడం ఆ వణుకులో కలిసిపోతుంది. ఫెలిక్స్‌ను గీసిన ఒట్టో మెస్మర్ తన పిల్లిని నిండు నలుపుతో, నేపథ్యాన్ని నాలుగు గీతలతో తేల్చేశాడు. అది చేతులు వెనక్కి కట్టుకుని అటూ ఇటూ పచార్లు చేస్తూ ఆలోచించడం ప్రపంచమంతా గుర్తుపెట్టుకుంది. ఆ పచార్లను చూడటానికి నేల గీత స్థిరంగా ఉండాలి. మాక్స్ ఫ్లైషర్ 1917లో పేటెంటు పొందిన రోటోస్కోప్‌నూ ఇక్కడే చెప్పుకోవాలి. సజీవ నటుడి ఫిల్మును ఫ్రేముఫ్రేముగా గాజు మీదికి వేసి ట్రేస్ చేసే యంత్రం అది. సహజమైన కదలికకు అంతకన్నా దగ్గరి దారి లేదు. అయినా రోటోస్కోప్ కొన్ని చిత్రాలకు సాధనంగానే ఉండిపోయింది, మేకులూ సెల్లూ మాత్రం 1990ల దాకా దాదాపు ప్రతి కార్టూన్ స్టూడియోకూ పునాది అయ్యాయి.

నిలకడకు మరో ముఖం కూడా ఉంది, అది మెకేకు బాగా తెలుసు. కొండ నిలబడటం వేరు, ప్రాణి నిలబడటం వేరు. గెర్టీ ఏమీ చేయకుండా నిలుచున్నప్పుడు కూడా ఆమె ఒళ్లు ఊపిరితో కదులుతూ అటూ ఇటూ కొద్దిగా ఊగుతుంది. సెల్ చేతికొచ్చాక చాలా స్టూడియోలు ఈ సంగతి మరిచిపోయాయి. పాత్ర ఆగిన చోట ఒకే సెల్‌ను ఇరవై ఫ్రేములు తీసేశాయి. చేత్తో గీసిన గీతలోని సన్నటి వణుకు ఒక్కసారిగా మాయమయ్యేసరికి తెర మీద బతికున్న పాత్ర అట్టబొమ్మలా బిగుసుకుపోయేది. 1930ల్లో డిస్నీ యానిమేటర్లు దీనికి మందు కనిపెట్టారు. ఆగిన భంగిమలోనే పాత్రను వెంట్రుకవాసి ముందుకు జరుపుతూ ఉంచడం. ఆగీ ఆగనట్టు ఉండే ఆ నిలుపుకు ఎన్ని కొత్త బొమ్మలైనా వేయాల్సిందే. నేపథ్యం విషయంలోనూ ఇలాంటిదే జరిగింది. కొండ బాగా నిలబడ్డాక అది ఎంత చదునుగా ఉందో బయటపడింది. కెమెరా ముందుకు వెళితే చెట్టూ చంద్రుడూ ఒకే లెక్కన పెరిగాయి. దగ్గరిదాన్నీ దూరందాన్నీ వేరువేరు గాజుపొరల మీద పెట్టి, వేరువేరు వేగంతో జరిపే మల్టీప్లేన్ కెమెరాను డిస్నీ 1937లో ‘ది ఓల్డ్ మిల్’లో చూపించాడు. రైనిగర్ బృందం గాజుపొరలతో ఇలాంటి ప్రయత్నం పదేళ్లకు పైగా ముందే చేసింది. సెల్ సొంత ఇబ్బంది కూడా చెప్పుకోవాలి. సెల్యులాయిడ్ పూర్తిగా పారదర్శకం కాదు, ప్రతి పొరా కింది రంగును కాస్త మసకబరుస్తుంది. పొరల సంఖ్య మధ్యలో మారితే తెర మీద రంగు మెరమెరలాడుతుంది. అందుకని పని లేకపోయినా ఖాళీ సెల్లు వేసి లెక్క సమం చేసేవారు. కదలనిదాన్ని కదలకుండా ఉంచే పని ఏనాడూ ఊరికే జరగలేదు.

ఈ నిలకడకు ఇంకో మూల్యం ఉంది, దాన్ని దాచి చరిత్ర రాయడం న్యాయం కాదు. పాత్రా నేపథ్యమూ విడిపోయినట్టే పని చేసే మనుషులూ విడిపోయారు. ఒకరు ముఖ్య భంగిమలు, ఒకరు మధ్య బొమ్మలు, ఒకరు సిరా గీత, ఒకరు రంగు. డిస్నీ సిరా-రంగు విభాగంలో వందలాది యువతులు వేలాది సెల్ల మీద ఒక్క గీత వణకకుండా గీశారు, అదే సంస్థలో వాళ్లకు యానిమేటర్ కుర్చీ దాదాపు మూసేసి ఉండేది. మెకే 1927లో తన గౌరవార్థం యానిమేటర్లు ఏర్పాటు చేసిన విందులో, మీరు ఒక కళను వ్యాపారంగా మార్చేశారని బాధపడ్డాడని తర్వాతివాళ్లు చెప్పారు. ఆ బాధను తేలిగ్గా తీసుకోలేం. గెర్టీలోని వణికే రాళ్లలో ఒక మనిషి చెయ్యి కనిపిస్తుంది, సెల్ దాన్ని చెరిపేసింది.

అలాంటప్పుడు వణుకునే అందంగా ఎందుకు తీసుకోకూడదు అన్నది చివరి అభ్యంతరం. తీసుకున్నారు కూడా. 1974లో బ్రిటిష్ టెలివిజన్ కోసం బాబ్ గాడ్‌ఫ్రీ తీసిన ‘రూబార్బ్’లో మార్కర్ పెన్నుల రంగులు ఫ్రేముఫ్రేముకూ కుతకుతలాడుతుంటాయి, పిల్లలు దాన్ని అలాగే ఇష్టపడ్డారు. కెనడాలో ఫ్రెడెరిక్ బాక్ 1987లో ముగించిన ‘ది మాన్ హూ ప్లాంటెడ్ ట్రీస్’ను నునుపు తీసేసిన సెల్ల మీద రంగు పెన్సిళ్లతో వేశాడు. ఆ చిత్రంలో గాలి వీస్తుంటే గడ్డి, కొండ, మనిషి అంగీ అన్నీ కలిసి అల్లాడతాయి. అది ఫిట్జ్‌సిమన్స్ రాళ్ల వణుకు లాంటిది కాదు. బాక్ అవసరమైన చోట గొర్రెల కాపరిని కదలకుండా కూర్చోబెట్టగలడు, కూర్చోబెట్టాడు కూడా. ఎండిన నేల మీద ఏ గీత అల్లాడాలో, ఏది ఊరుకోవాలో నిర్ణయించే వీలు ఆయనకు ఉంది. 1914లో మెకేకు ఆ వీలు లేదు, ఎంత గొప్ప చెయ్యి అయినా సరే. ఆ వీలును తెచ్చినవి బారే మేకులు, హర్డ్ రేకులు.